ప్రాక్టీసులో ఉన్న న్యాయవాది శాసనసభకు వెళ్లదలిస్తే: మీ నాలుగు సందేహాలకు జవాబు

మీరు అడిగినదాన్ని ముందుగా నా మాటల్లో చెప్పుకుంటాను. జిల్లా కోర్టులో 14 ఏళ్లుగా సివిల్ ప్రాక్టీసు చేస్తున్నారు, గత 3 ఏళ్లుగా కోర్టులో ప్రభుత్వం తరఫున వాదించే సహాయ ప్రభుత్వ ప్లీడరుగా (ఏజీపీ) కూడా ఉన్నారు, రాబోయే ఎన్నికల్లో శాసనసభకు పోటీ చేయమని ఒక పార్టీ వారు మిమ్మల్ని అడుగుతున్నారు. గెలిస్తే ప్రాక్టీసు మానుకోవాలా, ఏజీపీగా ఉండటం పోటీకి అడ్డమవుతుందా, న్యాయవాదికి సభలో నిజంగా ఏమైనా ఉపయోగం ఉంటుందా, ఐదేళ్ల తర్వాత తిరిగి వస్తే కోర్టు బారులో, అంటే తోటి న్యాయవాదుల మధ్య, చోటు మిగులుతుందా అన్నవి మీ సందేహాలు. నేను 22 ఏళ్లు ప్రాక్టీసు చేసి, ఆంధ్రప్రదేశ్ శాసనసభలో ఒక పర్యాయం కూర్చుని, రెండోసారి ఓడిపోయి, మళ్లీ అదే కోర్టు ఆవరణలోకి వచ్చినవాణ్ణి. కాబట్టి చట్టం చెప్పేదీ, నాకు తగిలిన దెబ్బలు చెప్పేదీ రెండూ రాస్తాను. ఏది చట్టమో, ఏది నా అభిప్రాయమో మీరు న్యాయవాది కనుక విడదీసి చూసుకోగలరు.

మొదటి సందేహానికి జవాబు సూటిగానే ఉంది. శాసనసభ్యుడు న్యాయవాదిగా ప్రాక్టీసు కొనసాగించవచ్చు. భారత బార్ కౌన్సిల్ నియమాల్లోని 49వ నియమం పూర్తికాల జీతం తీసుకునే ఉద్యోగి న్యాయవాదిగా పనిచేయరాదని అంటుంది. ఎంపీలకూ ఎమ్మెల్యేలకూ ఖజానా నుంచి జీతభత్యాలు అందుతున్నాయి కనుక వారికీ ఈ నియమం వర్తించాలని కోరుతూ అశ్వినీ కుమార్ ఉపాధ్యాయ సుప్రీంకోర్టులో వేసిన పిటిషన్‌ను 2018 సెప్టెంబర్ 25న ప్రధాన న్యాయమూర్తి దీపక్ మిశ్రా నేతృత్వంలోని ధర్మాసనం తోసిపుచ్చింది. జీతం ముడుతున్నంత మాత్రాన ప్రజాప్రతినిధికీ ప్రభుత్వానికీ మధ్య యజమాని, ఉద్యోగి సంబంధం ఏర్పడదని, కాబట్టి అతణ్ణి పూర్తికాల ఉద్యోగిగా లెక్కించడానికి వీల్లేదని, ప్రస్తుత నియమాల్లో ఎక్కడా నిషేధం లేదని ఆ తీర్పు సారాంశం. మంత్రి పదవి సంగతి వేరు. అది పూర్తికాల బాధ్యత, ప్రభుత్వంలో భాగం కూడా. మంత్రి అయిన న్యాయవాదులు తమ సన్నదును, అంటే ప్రాక్టీసు అనుమతిని, సస్పెండ్ చేయించుకోవడం ఆనవాయితీ. మీకు తొలిసారే మంత్రి పదవి వస్తుందని ఆశపెట్టేవారు ఉంటారు. రాజ్యాంగం 164వ అధికరణం ప్రకారం మంత్రిమండలి సభ మొత్తం సంఖ్యలో 15 శాతానికి మించకూడదు కనుక, 175 మంది ఉన్న మన సభలో ముఖ్యమంత్రితో కలిపి 26 కుర్చీలే ఉంటాయి. ఆ లెక్క గుర్తుంచుకుని ఆ మాటలు వినండి.

చట్టం ఒప్పుకుంటుందన్నంత మాత్రాన అన్ని కేసులూ పట్టుకోవచ్చని కాదు. నేను గెలిచిన నెలలోనే మూడు రకాల కేసులు వదిలేశాను. నా నియోజకవర్గం పరిధిలోని ప్రభుత్వ భూముల కేసులు, నేను సభ్యుడిగా ఉన్న సభా సంఘం పరిశీలనలో ఉన్న శాఖల కేసులు, నియోజకవర్గంలో ఇరువర్గాలూ నా ఓటర్లే అయిన ఊరి తగాదాలు. మొదటి రెండింటికీ కారణం చెప్పనక్కర్లేదు. మూడోది మాత్రం అనుభవం మీద తెలిసింది. అన్నదమ్ముల పంపకం దావాలో మీరు అన్న తరఫున నిలబడితే, తమ్ముడి కుటుంబంతో పాటు వాళ్ల వియ్యాలవారి ఓట్లు కూడా మీకు దూరమవుతాయి. అంతకంటే ముఖ్యంగా, తమ్ముడు ఓడిపోతే అది మీ వాదన వల్ల కాదు, మీ పదవి వల్లనని జీవితాంతం నమ్ముతాడు. న్యాయస్థానం మీద ఆ అనుమానం మన వల్ల పుట్టకూడదు. మరో చిన్న సంగతి: మీ ఛాంబర్ బోర్డు మీద శాసనసభ్యుడని రాయించకండి. ఫలానా సంస్థతోనో వ్యక్తితోనో సంబంధం ఉందని సూచించే బోర్డును బార్ కౌన్సిల్ 36వ నియమం అనుమతించదు. అభిమానులు ఫ్లెక్సీల్లో మీ ఫొటో కింద ఎంత పెద్ద అక్షరాలు వేసినా, ఛాంబర్ గుమ్మం దగ్గర పేరూ, డిగ్రీ మాత్రమే ఉండనివ్వండి.

ఇక ఏజీపీ సంగతి. ఇక్కడ ఏమాత్రం ఉపేక్ష పనికిరాదు. 191వ అధికరణం ప్రకారం ప్రభుత్వం కింద లాభదాయక పదవిలో ఉన్నవాడు శాసనసభ్యుడిగా ఎన్నిక కావడానికి అనర్హుడు, రాష్ట్ర శాసనసభ చట్టం ద్వారా మినహాయించిన పదవులు తప్ప. అప్పగించిన కేసుకు ఫీజు తీసుకునే న్యాయవాదిది పదవి అవుతుందా, వట్టి వృత్తిపరమైన ఒప్పందమా అన్నది సుప్రీంకోర్టు దాకా వెళ్లిన ప్రశ్న. రాజస్థాన్‌లో కాంతా కథూరియా అనే న్యాయవాది ఒక మధ్యవర్తిత్వ వ్యవహారంలో ప్రభుత్వం తరఫున ప్రత్యేక ప్లీడరుగా నియమితులై, 1967లో శాసనసభకు ఎన్నికయ్యారు. హైకోర్టు ఆమె ఎన్నికను రద్దు చేసింది. అప్పీలు నడుస్తుండగానే ఆ రాష్ట్రం ఆ పదవిని వెనుకటి తేదీ నుంచి మినహాయిస్తూ చట్టం చేసింది. 1969లో సుప్రీంకోర్టు మెజారిటీ న్యాయమూర్తులు ఆ నియామకం అసలు పదవే కాదని తేల్చారు. ఒకే ఒక్క కేసు కోసం జరిగిన నియామకం, ఆ వ్యక్తి తప్పుకుంటే వెనక మిగిలే ఖాళీ అంటూ ఏమీ లేదు అన్నది వారి తర్కం.

ఈ తీర్పు చదివి మీరు గుండె నిబ్బరం చేసుకోకండి. ఎందుకంటే మీది ఒక కేసుకు పరిమితమైన నియామకం కాదు. జీఓ ద్వారా, నిర్ణీత కాలానికి, మీకు ముందూ మీ తర్వాతా ఎవరో ఒకరు ఉండే స్థానం అది. ఆ తీర్పులో నియామకాన్ని కాపాడిన తర్కమే మీకు ఎదురు తిరుగుతుంది. ఫీజు బిల్లులు ఏళ్ల తరబడి పెండింగ్‌లోనే ఉన్నాయి, నేను తీసుకున్నదేమీ లేదు అనే వాదన కూడా నిలవదు. జయా బచ్చన్ కేసులో 2006లో సుప్రీంకోర్టు చెప్పింది అదే: ముట్టిందా లేదా అన్నది కాదు, ముట్టే అవకాశం ఉందా అన్నదే చూడాలి. మినహాయింపులిచ్చే రాష్ట్ర చట్టాన్ని సవరణలన్నిటితో కలిపి చదవండి, మీ పదవి జాబితాలో కనిపించినా సరే రాజీనామా చేయండి. రాజీనామా పంపడంతో సరిపోదు, ఆమోదించిన ఉత్తర్వు చేతికి రావాలి. ప్రజాప్రాతినిధ్య చట్టం సెక్షన్ 36 ప్రకారం రిటర్నింగ్ అధికారి చూసేది నామినేషన్ల పరిశీలన రోజున మీరు అర్హులా కాదా అన్నది. నోటిఫికేషన్ వచ్చాక నామినేషన్లకు వారం రోజులే ఉంటాయి, ఆ మర్నాడే పరిశీలన. సచివాలయంలో ఒక ఫైలు కదలడానికి వారం ఎంత తక్కువో ఏజీపీగా మీకు నేను చెప్పనక్కర్లేదు. టికెట్ ఖరారైనా కాకపోయినా ఈ నెలలోనే ఆ కాగితం పెట్టండి. టికెట్ రాకపోతే ఏజీపీ పదవి పోతుంది కదా అంటారు. అవును, పోతుంది. ఆ మాత్రం నష్టానికి సిద్ధపడలేనివారు ఎన్నికల జోలికి వెళ్లకపోవడమే మేలు.

నామినేషన్ పత్రాల విషయంలో న్యాయవాదులే ఎక్కువ పొరపాట్లు చేయడం చూశాను. అందరికీ అఫిడవిట్లు రాసిపెట్టే చెయ్యి కదా, తనది తాను రాసుకునేటప్పుడు అలసత్వం వస్తుంది. ఫారం 26లో మీ, మీ జీవిత భాగస్వామి, ఆధారపడినవారి ఆస్తులు, అప్పులు, ఐదేళ్ల ఆదాయపు పన్ను వివరాలు, కేసులు రాయాలి. ఏ గడినీ ఖాళీగా వదలకండి. లేనిచోట లేదు అని రాయండి. ఖాళీ గడులున్న అఫిడవిట్‌ను, గుర్తుచేసినా సరిచేయకపోతే, తిరస్కరించవచ్చని 2013లో రీసర్జెన్స్ ఇండియా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మన వృత్తిలో నగదు ఫీజులు ఎలా నడుస్తాయో అందరికీ తెలుసు. మీరు ప్రకటించిన ఆస్తికీ, ఐదేళ్లుగా చూపిన ఆదాయానికీ పొంతన లేకపోతే ప్రత్యర్థి తరఫు న్యాయవాది, బహుశా మీ బారులోనే పక్క బల్ల మీద కూర్చునేవాడు, ఆ రెండు కాగితాలనూ పక్కపక్కన పెట్టి చూస్తాడు. వ్యయ పరిమితి 40 లక్షల రూపాయలు. నామినేషన్ వేసిన రోజు నుంచి ఫలితం రోజు దాకా లెక్క రాయాలి. ఫలితం వచ్చిన 30 రోజుల్లో దాన్ని దాఖలు చేయకపోతే, సరైన కారణం చూపలేకపోతే, ఎన్నికల సంఘం 3 ఏళ్లు అనర్హత వేటు వేయవచ్చు. వాస్తవంగా ఎన్నికల్లో డబ్బు ఎలా ప్రవహిస్తుందన్నది మీకూ తెలుసు, నాకూ తెలుసు. దాని గురించి ఇక్కడ నీతులు చెప్పను. ప్రతి రూపాయికీ సంతకం పెట్టేది మీ ఏజెంటు కాదు, మీరేనని మాత్రం గుర్తుచేస్తాను.

గెలిచినా ఓడినా ఎన్నికల పిటిషన్ గురించి తెలిసి ఉండాలి. సివిల్ ప్రాక్టీసు చేసినవారు ఇది కూడా ఒక దావాలాంటిదే అనుకుంటారు. కాదు. ఫలితం వెలువడిన 45 రోజుల్లోపు హైకోర్టులో వేయాలి, 46వ రోజున వేస్తే ఆలస్యాన్ని మన్నించమని కాలపరిమితి చట్టం (లిమిటేషన్ యాక్ట్) సెక్షన్ 5 కింద దరఖాస్తు పెట్టుకునే వెసులుబాటు లేదు. మిమ్మల్నే ఎన్నికైనట్టు ప్రకటించమని కోరితే పోటీ చేసిన అభ్యర్థులందరినీ ప్రతివాదులుగా చేర్చాలి. ఒక్కరిని వదిలినా పిటిషన్ మొదట్లోనే పోతుంది, తర్వాత చేర్చుకునే అవకాశం ఉండదు. మా పక్క నియోజకవర్గంలో డిపాజిట్ కూడా రాని ఒక స్వతంత్రుడి పేరు మరచిపోవడంతో మంచి పిటిషన్ ఒకటి అలాగే పోయింది.

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. సభలో న్యాయవాదికి పనికొచ్చేది వాదన కాదు, చదువు. అంటే, కాగితం చదివే అలవాటు. ఈ ముక్క నాకు సభలోకి వెళ్లిన తొలి ఏడాది తెలియలేదు. నా మొదటి ప్రసంగాన్ని కోర్టులో తుది వాదన వినిపించినట్టు మొదలుపెట్టాను. ముందుగా చట్టం చరిత్ర, తర్వాత రెండు హైకోర్టుల తీర్పులు, ఆ పైన మూడో తీర్పులోని విభేదం. విభేదం దగ్గరకు రాకముందే స్పీకర్ గంట మోగింది. నా వెనక వరుసలో కూర్చున్న సీనియర్ సభ్యుడు, మూడు సార్లు గెలిచినవాడు, పదో తరగతి దాటని వాడు, లేచి నాకు ఇచ్చినంత సమయంలోనే తన మండలంలోని ఒక చెరువు తూము పేరు, దాని కింద ఆయకట్టు ఎకరాలు, ఎన్నేళ్లుగా తలుపు విరిగి ఉందో చెప్పి కూర్చున్నాడు. మంత్రి ఆయనకు జవాబిచ్చాడు, నాకు ఇవ్వలేదు. న్యాయమూర్తికి వినక తప్పదు. సభలో మిమ్మల్ని వినాల్సిన అవసరం ఎవరికీ లేదు.

నాకు కొంచెం మర్యాద వచ్చింది ఒక సవరణ బిల్లుతో. బిల్లు ప్రతులు సాయంత్రం చేతికి వచ్చాయి, మర్నాడు చర్చకు పెడతారు. ఎమ్మెల్యే క్వార్టర్‌లో రాత్రి భోజనం తర్వాత తెలుగు ప్రతినీ ఆంగ్ల ప్రతినీ పక్కపక్కన పరిచి, డాక్యుమెంటు సరిచూసినట్టు వేలు పెట్టి చదువుతున్నాను. ఒక క్లాజులో, హక్కు రద్దుచేసే ముందు అధికారి ఎదుటి పక్షానికి నోటీసు ఇచ్చి విచారణ జరపాలని ఆంగ్లంలో ఉంది. తెలుగులో మాత్రం ‘విచారణ జరుపవచ్చును’ అని పడింది. ‘వలెను’ ఉండాల్సిన చోట ‘వచ్చును’. మనలాంటివారికి ఈ రెండింటి మధ్య తేడా అంటే ఏమిటో తెలుసు. విచారణ జరపకుండానే ఉత్తర్వు ఇచ్చిన తహసీల్దారు ‘నాకు అధికారం ఉంది గానీ బాధ్యత లేదు’ అనవచ్చు. ఆంగ్ల పాఠమే ప్రామాణికమని తర్వాత హైకోర్టు చెప్పవచ్చు, కానీ మండల కార్యాలయంలో పనిచేసేవాళ్లు చదివేది తెలుగు ప్రతినే, హైకోర్టు దాకా వెళ్లగలిగే రైతు నూటికి ఒకడు. పొద్దున్నే మంత్రిగారి ఛాంబర్‌కు వెళ్లి రెండు ప్రతులూ చూపించాను. ఆయన న్యాయశాఖ అధికారిని పిలిపించారు, అధికారి చూసి తల ఊపారు. సభలో బిల్లు పెట్టేటప్పటికి ఆ పదం మారింది. నేను లేచి ఒక్క మాట కూడా మాట్లాడలేదు, పత్రికల్లో ఏమీ రాలేదు. ఐదేళ్లలో నేను చేసిన పనుల్లో అన్నిటికన్నా ఎక్కువకాలం నిలిచేది అదేనని నా నమ్మకం.

అధికార పక్షంలో ఉంటే ఇలా గదిలో చెప్పి మార్పించడమే దారి. సభలో బహిరంగంగా సవరణ ప్రతిపాదిస్తే సొంత మంత్రిని ఇరుకున పెట్టినట్టు అవుతుంది. ఓటింగు దాకా వస్తే పదో షెడ్యూలు, అంటే పార్టీ ఫిరాయింపుల నిరోధక చట్టం, ఉండనే ఉంది. పార్టీ జారీ చేసిన ఆదేశానికి (విప్‌కు) విరుద్ధంగా ఓటు వేసినా, అనుమతి లేకుండా గైర్హాజరైనా, పార్టీ 15 రోజుల్లోపు క్షమించకపోతే అనర్హత ప్రశ్న పుడుతుంది. మూడింట ఒక వంతు సభ్యులు చీలితే రక్షణ అనే పాత మినహాయింపును 2003లో 91వ సవరణ తీసేసింది. కోర్టులో ‘మై లార్డ్, నా మనస్సాక్షి ప్రకారం’ అని చెప్పుకున్న అలవాటు ఇక్కడ ఓటు సమయంలో చెల్లదు. ఇది మీకు మింగుడుపడకపోతే ఇప్పుడే తెలుసుకోవడం మంచిది. ప్రతిపక్షంలో ఉంటే సవరణలు రాతపూర్వకంగా ఇవ్వండి, అవి వీగిపోతాయి, అయినా ఇవ్వండి. రేపు అదే క్లాజు హైకోర్టు ముందుకు వచ్చినప్పుడు సభ ఆ లోపాన్ని ఎరిగే ఆమోదించిందని చూపడానికి ఆ రికార్డు పనికొస్తుంది.

మీరు భూమి కేసుల మనిషి కనుక ఒక తాజా ఉదాహరణ చెప్తాను. మన రాష్ట్ర ల్యాండ్ టైట్లింగ్ చట్టం, 2022 అమల్లోకి వచ్చాక రాష్ట్రమంతటా న్యాయవాదులు విధులు బహిష్కరించి రోడ్డెక్కారు. హక్కుల వివాదాలను సివిల్ కోర్టుల పరిధి నుంచి తప్పించి, టైటిల్ రిజిస్ట్రేషన్ అధికారికీ, ఆ పైన అప్పీలు అధికారికీ అప్పగించడం, ఆ తర్వాత హైకోర్టులో రివిజన్ తప్ప దారి లేకపోవడం వారి ప్రధాన అభ్యంతరం. 2024 జూలైలో సభ ఆ చట్టాన్ని రద్దు చేసింది. చట్టం మంచిదా చెడ్డదా అన్న రాజకీయ చర్చలోకి నేను వెళ్లను. భూమి హక్కుకు ప్రభుత్వమే పూచీ పడాలన్న ఆలోచనలో తప్పులేదని నాకు అనిపిస్తుంది కూడా. నా బాధల్లా, మనం వీధుల్లో నిలబడి చదివిన సెక్షన్లు అంతకుముందు బిల్లుగా సభ బల్లల మీద ఉన్నవే. ‘ఏ సివిల్ కోర్టుకూ పరిధి ఉండదు’ అన్న వాక్యం కనపడగానే పెన్సిల్‌తో గీత గీయడం మీకూ నాకూ అలవాటు. ఆ గీత గీయాల్సిన చోటు గెజిట్ కాదు, బిల్లు ప్రతి.

బిల్లు తర్వాత వచ్చే నియమాలను కూడా వదలకండి. చట్టంలో ‘నిర్దేశించిన రీతిలో’ అన్న మాట ఎన్నిచోట్ల ఉందో లెక్కపెట్టండి. అన్ని చోట్లా అసలు చట్టాన్ని సచివాలయం రాస్తుందని అర్థం. ఆ నియమాలు సభ ముందు ఉంచబడతాయి, వాటిని చూడటానికి సభా సంఘం కూడా ఉంది, ఎవరూ చూడరు. సంఘాల్లో చోటు అడిగేటప్పుడు అందరూ ప్రజాపద్దుల సంఘం కోసం పోటీపడతారు. మీరు ఆ నియమాలను పరిశీలించే సంఘాన్ని అడగండి, పోటీ ఉండదు. మూసిన గదిలో, విలేకరులు లేని చోట, పార్టీల గొడవ తక్కువగా, అధికారిని ఎదురుగా కూర్చోబెట్టి క్రాస్ ఎగ్జామినేషన్ చేసినంత పని చేయగలిగే చోటు సభా సంఘమే. కోర్టు నైపుణ్యం ఉన్నదున్నట్టుగా పనికొచ్చేది అక్కడ మాత్రమే.

న్యాయవాదులు నోరు జారే చోటు కూడా ఒకటుంది. సభలో మాట్లాడినదానికి 194వ అధికరణం రక్షణ ఇస్తుంది. కానీ సుప్రీంకోర్టు, హైకోర్టు న్యాయమూర్తుల విధి నిర్వహణలోని ప్రవర్తనను శాసనసభలో చర్చించరాదని 211వ అధికరణం అంటుంది. మీ కేసు ఓడించిన తీర్పు మీద కోపం సభలో తీర్చుకోవాలనే తహతహ కలుగుతుంది. నాకు కలిగింది, పక్కన కూర్చున్న మిత్రుడు చొక్కా పట్టి కూర్చోబెట్టాడు. ఆ రక్షణ లంచానికి కూడా గొడుగు అనుకునే రోజులు పోయాయి. లంచం తీసుకుని సభలో ఓటేసినవారికీ ఆ రక్షణ ఉంటుందన్న 1998 నాటి పీవీ నరసింహారావు కేసు తీర్పును 2024 మార్చి 4న ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం సీతా సోరెన్ కేసులో కొట్టివేసింది.

మన ప్రాంతంలో ఈ దారిన నడిచినవారిని చూసినా, నిలిచిపోయినవి ప్రసంగాలు కావు. టంగుటూరి ప్రకాశం పంతులు రాజమండ్రిలో సెకండ్ గ్రేడ్ ప్లీడరుగా మొదలై, లండన్ వెళ్లి బారిస్టరై, మద్రాసులో పేరుమోసిన ప్రాక్టీసు వదులుకున్నారు. సైమన్ కమిషన్ నాటి తుపాకీ ఘట్టమే అందరికీ గుర్తు. కానీ 1937లో మద్రాసు రెవెన్యూ మంత్రిగా ఆయన అధ్యక్షత వహించిన జమీందారీ విచారణ సంఘం సాక్ష్యాలు సేకరించి, 1908 నాటి ఎస్టేట్స్ ల్యాండ్ చట్టం రైతుకు ఏమి చేసిందో రాసి ఇచ్చిన నివేదికే 1948 నాటి ఎస్టేట్ల రద్దు చట్టానికి దారి వేసిన వాటిలో ఒకటి. మీరూ నేనూ ఇప్పటికీ ఆ 1948 చట్టం కింద ఇచ్చిన పట్టాలను ఎగ్జిబిట్లుగా మార్కు చేయిస్తూనే ఉన్నాం. హైదరాబాద్ రాష్ట్ర ముఖ్యమంత్రిగా చేసిన బూర్గుల రామకృష్ణారావు న్యాయవాది, ఆయన వద్ద జూనియర్‌గా చేరిన పీవీ నరసింహారావు 1957 నుంచి 1977 దాకా మంథని శాసనసభ్యుడు. ముఖ్యమంత్రిగా పీవీ తెచ్చిన భూ గరిష్ఠ పరిమితి చట్టం 1973 నాటి 1వ చట్టంగా పుస్తకాల్లోకి ఎక్కింది. అప్పటికే ఆయన కుర్చీ కదిలింది. చట్టం మాత్రం ఇప్పటికీ పుస్తకంలో ఉంది.

సభ ఏడాదికి నెలరోజులు కూడా జరగని సంవత్సరాలు ఉంటాయి. మిగిలిన పదకొండు నెలలు మీ ఇంటి గుమ్మం దగ్గరే గడుస్తాయి. పొద్దున 6 గంటలకు లేచేసరికి అరుగు మీద పాతికమంది ఉంటారు. ఒకరోజు ఒక ముసలాయన రేషన్ సంచిలోంచి నలిగిన సర్టిఫైడ్ కాపీ తీసి నా చేతిలో పెట్టాడు. దారి హక్కు దావాలో ఆయనకు వచ్చిన డిక్రీ, తొమ్మిదేళ్ల కిందటిది. ప్రత్యర్థి ఇప్పటికీ కంచె తీయలేదు. ‘నువ్వు ప్లీడరువి కూడా కదా బాబూ, జడ్జీగారికి ఒక్క ఫోను చెయ్యి’ అన్నాడు. పదవి లేని రోజుల్లో అయితే ఎగ్జిక్యూషన్ పిటిషన్ వేద్దాం, వకాలత్ మీద సంతకం పెట్టు అనేవాణ్ణి. ఇప్పుడు ఫోను చేయడం నేరం, వకాలత్ తీసుకోవడం ఇబ్బంది, ఏమీ చేయలేనంటే నా పదవి ఎందుకన్న ప్రశ్న. అమలు పిటిషన్ వేయడానికి చట్టం ఇచ్చే గడువు సంగతి చెప్పి, మా కోర్టు ఆవరణలోని జిల్లా న్యాయసేవాధికార సంస్థకు చీటీ రాసి, మనిషిని తోడిచ్చి పంపాను. ఆయన సంతోషపడలేదు. పక్క ఊరి మాజీ ఎమ్మెల్యే అయితే ఫోను చేసేవాడని నలుగురిలో అన్నాడట. న్యాయవాది అయిన ఎమ్మెల్యే మిగతావారికంటే ఎక్కువసార్లు ‘కుదరదు’ అనాల్సి వస్తుంది, ఎందుకు కుదరదో అతనికి తెలుసు కనుక. నేను రెండోసారి ఓడటంలో ఇది ఎంత పాలో చెప్పలేను గానీ, కొంత ఉందన్నది మాత్రం ఖాయం.

చివరిగా, తిరిగి రావడం గురించి. శాసనసభ్యత్వం ఐదేళ్ల గడువున్న పని, ఒక్కోసారి అంతకూ తక్కువ. దాని కోసం వృత్తిని తగలబెట్టుకుని వెళ్లినవారు తర్వాత పార్టీ ఆఫీసుల్లో ఎదురుచూపులతో బతకడం చూశాను. వీఆర్ కృష్ణయ్యర్ ఉదాహరణ నాకు ఎప్పుడూ ధైర్యమిస్తుంది. తలస్సేరి న్యాయవాదిగా ఉండి 1952లో మద్రాసు శాసనసభకు, 1957లో కేరళ శాసనసభకు ఎన్నికై, ఈఎంఎస్ నంబూద్రిపాద్ మంత్రివర్గంలో న్యాయశాఖ చూసి, రాజకీయాల నుంచి తిరిగి ప్రాక్టీసులోకి వచ్చి, 1968లో హైకోర్టు న్యాయమూర్తి, 1973లో సుప్రీంకోర్టు న్యాయమూర్తి అయ్యారు. అందరికీ అలా జరగదు, కానీ దారి మూసుకుపోదని తెలుస్తుంది.

వెళ్లే ముందు చేయాల్సినవి కొన్ని ఉన్నాయి. ప్రతి ఫైలులోనూ కక్షిదారుకు ముందుగా రాతపూర్వకంగా తెలియజేయండి. వేరే న్యాయవాదిని పెట్టుకుంటానంటే అభ్యంతరం లేదని సంతకం పెట్టి, చేయని పనికి తీసుకున్న ఫీజు తిరిగి ఇవ్వండి. బార్ కౌన్సిల్ నియమాలు అడిగేది కూడా ఇదే. ఉంటామన్నవారి ఫైళ్లలో నమ్మకమైన జూనియర్ పేరు వకాలత్‌లో చేర్చించండి, మీ పేరు తీసేయకండి. ఫీజులో జూనియర్‌కు దక్కాల్సిన వాటా మొదటి రోజే కాగితం మీద పెట్టండి, లేకపోతే ఐదేళ్ల తర్వాత ఆ మాటే ఇద్దరి మధ్య గోడవుతుంది. గుమస్తాను వదులుకోకండి. నేను జీతం తగ్గించకుండా మా గుమస్తాను ఉంచుకున్నాను, ఆ ఐదేళ్లూ వాయిదాల డైరీ ఒక్కరోజు కూడా ఆగలేదు. సభ లేని నెలల్లో వారానికి ఒక్కరోజైనా కోటు వేసుకుని హైకోర్టులోనో పక్క జిల్లాలోనో నిలబడండి. చట్టాలు మారిపోతుంటాయి. నేను అది సరిగా చేయలేదు, తిరిగి వచ్చాక వాణిజ్య వివాదాల కొత్త పద్ధతులు నా జూనియర్ దగ్గరే నేర్చుకున్నాను.

ఓడిన మూడో వారం కోర్టుకు వెళ్లాను. ముందు వరుసలో నా పాత కుర్చీలో నా జూనియర్ కూర్చుని ఉన్నాడు, నన్ను చూసి లేవబోతే వద్దని చెప్పి వెనక వరుసలో కూర్చున్నాను. కాసేపటికి బెంచి క్లర్కు ఒక పంపకం దావా నంబరు పిలిచాడు. నేను ఎన్నికలకు వెళ్లే ముందు ప్లెయింటు రాసి వేసిన దావా అది. ఇంకా వాది సాక్ష్యం దగ్గరే ఉంది. వకాలత్ మీద మొదటి సంతకం నాదే కనుక లేచి నిలబడి, వాయిదా అడిగాను.